స్వీడన్ బాస్-బారిటోన్ యోయెల్ బెర్గ్‌లుండ్: తరచుగా అడిగే ప్రశ్నలు

యోయెల్ బెర్గ్‌లుండ్ ఎవరు?

స్వీడన్ ఆపెరా గాయకుడు. 1903 జూన్ 4న పుట్టారు, 1985 జనవరి 21న స్టాక్‌హోమ్‌లో కన్నుమూశారు. సుమారు ఇరవై ఏళ్లు స్టాక్‌హోమ్ రాయల్ ఆపెరాలో నెల జీతం మీద పాడారు. 1942లో జర్మనీలో వాగ్నర్ ఆపెరాలకే ప్రత్యేకమైన బైరాయిట్ ఉత్సవంలోనూ, 1946 నుంచి 1949 వరకు న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఆపెరాలోనూ పాడారు. ఆ తర్వాత తాను ఎదిగిన స్టాక్‌హోమ్ థియేటర్‌కే డైరెక్టర్‌గా వెళ్లారు.

స్వీడన్ గాయకులంటే మనవాళ్లలో ఆపెరా వినేవారికి యుసి బ్యోర్లింగ్, బిర్గిట్ నిల్సన్, నికొలాయ్ గెడ్డా పేర్లు వెంటనే గుర్తొస్తాయి. బెర్గ్‌లుండ్ పేరు రాదు. ఆ ముగ్గురి గురించి ఇంటర్నెట్ నిండా రాశారు కాబట్టి ఈ పేజీ ఈయనకే. స్వీడన్‌లో ఈ ఇంటిపేరును దాదాపు ‘బెర్య్‌లుండ్’ అని పలుకుతారు. మనకు కళ్లకు అలవాటైన రూపమే ఇక్కడ వాడాను.

ఆయన బాసా, బాస్-బారిటోనా?

బాస్-బారిటోన్. మగగొంతుల్లో పైన టెనర్, మధ్యలో బారిటోన్, కింద బాస్ ఉంటాయి. బారిటోన్‌కూ బాస్‌కూ నడుమ ఉండేది బాస్-బారిటోన్. దానిలో బాస్ గొంతులోని బరువు, చీకటి రంగు ఉంటాయి. పైస్థాయికి వెళ్లినప్పుడు మాత్రం బారిటోన్‌లా విచ్చుకుంటుంది.

అసలు బాస్ ఎంత కిందికి దిగుతుందో తెలియాలంటే మొజార్ట్ పాత్రలు చూడాలి. ‘మాయా వేణువు’లో సరాస్ట్రో సుమారు 87 హెర్ట్జ్ దగ్గరి ఎఫ్ స్వరానికి దిగుతాడు. ‘సెరాల్యో నుంచి అపహరణ’లో ఓస్మిన్ ఇంకా కిందికి, 73 హెర్ట్జ్ చేరువలోని డి దాకా పోతాడు. అంత లోతు బెర్గ్‌లుండ్ పాత్రలకు అక్కర్లేదు. జర్మన్ స్వరకర్త వాగ్నర్ రాసిన పెద్ద పాత్రలు గొంతును గంటల తరబడి మధ్యస్థాయిలో, దానికి కాస్త పైన నిలబెడతాయి. లోతు ఉన్న గాయకుడు ఆ ఎత్తులో అలసిపోతాడు, ఎత్తు ఉన్న గాయకుడికి ఆ బరువు చాలదు. రెండూ కుదిరినవారు ఏ తరంలోనైనా కొద్దిమందే.

మైకు లేకుండా ఇంత తగ్గుస్థాయి గొంతు హాలంతా ఎలా వినిపిస్తుంది?

ఈ పేజీకి ఎక్కువగా వచ్చే ప్రశ్న ఇది. న్యాయమైన ప్రశ్నే. మైకులు రాకముందు మన పద్యనాటకాల్లోనూ నటుడి రాగం ఆఖరి వరుస దాకా వెళ్లేది, కానీ అక్కడ పక్కనున్నది హార్మోనియం. వాగ్నర్ ఆపెరాలో గాయకుడికీ ప్రేక్షకుడికీ మధ్య నూరుమంది దాకా వాద్యకారులు కూర్చుంటారు. ఇత్తడి బాకాలు కూడా అందులో ఉంటాయి.

ఇందులోని రహస్యాన్ని శాస్త్రీయంగా విప్పినవారిలో ముఖ్యుడు ఒక స్వీడన్ మనిషే. స్టాక్‌హోమ్‌లోని కేటీహెచ్ సాంకేతిక విశ్వవిద్యాలయంలో పనిచేసిన యోహాన్ సుండ్‌బెర్గ్ 1970ల్లో దీనిమీద చేసిన పరిశోధన ఇప్పటికీ పాఠాల్లో ఉంది. సారాంశం ఇది. ఆర్కెస్ట్రా శబ్దంలో బలమంతా 500 హెర్ట్జ్ పరిసరాల్లో ఉంటుంది, పైకి పోయేకొద్దీ తగ్గిపోతుంది. శిక్షణ పొందిన మగ గాయకుడు స్వరపేటికను కాస్త కిందికి దించి, దాని పైనున్న గొంతు భాగాన్ని వెడల్పు చేసి పాడతాడు. అప్పుడు 2500 నుంచి 3000 హెర్ట్జ్ దగ్గర అతని గొంతులో అదనంగా ఒక శిఖరం లేస్తుంది. అక్కడ ఆర్కెస్ట్రా బలహీనం, మనిషి చెవి మాత్రం చాలా చురుకు. అంటే బాస్ గాయకుడు పాడే స్వరం కిందిదే అయినా, మనకు చేరేది దానిలోని పైమెరుపు. బెర్గ్‌లుండ్ పాత రికార్డింగుల్లో గరగర శబ్దాన్ని దాటుకుని గొంతు ముందుకు రావడానికి కారణం కూడా అదే. అరిచి పాడటం వల్ల కాదు. అరిస్తే గొంతు మూడో అంకం చూడదు.

ఎక్కడ పుట్టారు, ఎవరి దగ్గర నేర్చుకున్నారు?

పుట్టింది స్వీడన్ మధ్యభాగంలో యెస్ట్రిక్‌లాండ్ ప్రాంతపు తోర్సోకెర్‌లో. ఇనుము, ఉక్కు పనులకు పేరుపడ్డ చోటు అది. ఇప్పుడు హోఫోర్స్ మున్సిపాలిటీ కిందికి వస్తుంది. చదువుకు స్టాక్‌హోమ్ కన్సర్వేటరీకి వెళ్లారు. అక్కడ యోన్ ఫోర్సెల్ శిష్యుడయ్యారు.

ఫోర్సెల్ గురించి నాలుగు మాటలు చెప్పకపోతే బెర్గ్‌లుండ్ కథ సగమే. ఆయన స్వయంగా బారిటోన్, మొజార్ట్ ఆపెరాలోని డాన్ జొవాని పాత్రకు యూరప్ అంతటా పేరున్నవాడు. 1924 నుంచి 1939 వరకు రాయల్ ఆపెరా డైరెక్టర్ కూడా. అంటే పాఠం చెప్పేదీ ఆయనే, ఉద్యోగం ఇచ్చేదీ ఆయనే. కఠినుడని పేరు. ఆయన దగ్గర తయారైనవాళ్లను వరుసగా చూడండి: యుసి బ్యోర్లింగ్, సెట్ స్వాన్‌హోల్మ్, యోయెల్ బెర్గ్‌లుండ్, డెన్మార్క్ నుంచి వచ్చిన ఆక్సెల్ ష్యోట్స్. బ్యోర్లింగ్‌ది ఇటాలియన్ టెనర్ బాణీ. స్వాన్‌హోల్మ్ 1930లో బారిటోన్‌గా రంగప్రవేశం చేసి, 1936లో టెనర్‌గా మారి, వాగ్నర్ వీరనాయకుల పాత్రల్లో స్థిరపడ్డాడు. బెర్గ్‌లుండ్ గొంతు అన్నిటికంటే కిందిది. ఇన్ని రకాల గొంతులు ఒకే గురువు చేతిలో చెడిపోకుండా బయటికి వచ్చాయంటే, ఆయన తన గొంతును శిష్యులమీద రుద్దలేదన్నమాట. గాత్రం నేర్పే గురువుల్లో ఇది అంత మామూలుగా కనిపించే గుణం కాదు.

మొదటి పాత్ర ఏది?

ఆంబ్రోయ్ తోమా రాసిన ఫ్రెంచి ఆపెరా ‘మిన్యోఁ’లో లొతారియో. 1920ల చివర్లో, రాయల్ ఆపెరాలో. లొతారియో మతి చెదిరిన ముసలివాడు. చిన్నప్పుడే తప్పిపోయిన కూతురిని వెతుక్కుంటూ వీణలాంటి హార్ప్ పట్టుకుని ఊళ్లు తిరుగుతుంటాడు. ఆ పాత్ర వేసిన బెర్గ్‌లుండ్ వయసు అప్పటికి పాతికేళ్లు.

బాస్ గొంతున్నవాడి తలరాత అదే. టెనర్ యాభై ఏళ్లొచ్చినా ప్రేమికుడే. బాస్ మాత్రం మొదటిరోజు నుంచే తండ్రి, రాజు, పూజారి, దెయ్యం, లేకపోతే హంతకుడు. దీనికో ఊరట ఉంది. ఆ పాత్రలకు వయసు అడ్డు రాదు కాబట్టి, గొంతు జాగ్రత్తగా వాడుకుంటే బాస్ గాయకుడి బతుకు టెనర్ కంటే పొడవు.

స్టాక్‌హోమ్ రాయల్ ఆపెరా ఎలాంటి చోటు?

1773లో రాజు మూడో గుస్తావ్ స్థాపించిన సంస్థ. ఆ రాజు కథ ఆపెరా ప్రియులందరికీ తెలుసు. తాను కట్టించిన ఆపెరా భవనంలోనే 1792 మార్చి 16న ముసుగుల విందు జరుగుతుండగా ఆయన్ను వెనకనుంచి కాల్చారు, రెండు వారాలకు చనిపోయారు. దానిమీద ఇటలీ స్వరకర్త వెర్డి ‘ఉన్ బల్లో ఇన్ మాస్కెరా’ (ముసుగుల విందు) రాస్తే, రాజును చంపే కథ వేదికమీద వద్దని సెన్సార్లు అడ్డుపడ్డారు. చివరికి 1859లో కథాస్థలాన్ని అమెరికాలోని బోస్టన్‌కు మార్చి ప్రదర్శించారు. అందులో కుట్రదారులిద్దరూ బాస్‌లే, వేరే చెప్పక్కర్లేదు.

బెర్గ్‌లుండ్ పాడింది 1898లో అదే చోట తెరిచిన కొత్త భవనంలో. ఇప్పటికీ అదే నడుస్తోంది. ముఖ్యమైన సంగతి భవనం కాదు, పద్ధతి. అక్కడ గాయకులు ఏడాది పొడవునా జీతం తీసుకునే బృందంగా ఉంటారు. ఈ వారం పెద్ద పాత్ర వేసినవారు వచ్చే వారం చిన్న పాత్ర వేస్తారు. తారల కోసం బయటికి ఫోన్లు చేసే థియేటర్ కాదది, ఉన్నవాళ్లతోనే సీజన్ నడుపుకునే థియేటర్. బెర్గ్‌లుండ్ జీవితమంతా ఆ పద్ధతిలోంచి వచ్చిందే. ఆయన విదేశాలకు వెళ్లింది కూడా అక్కడ ఏళ్ల తరబడి పాత్రలు వంటబట్టించుకున్నాకే. బైరాయిట్‌కు వెళ్లేసరికి ఆయనకు నలభై దగ్గర పడుతోంది. వాగ్నర్ గొంతులకు అది సరైన వయసు.

ఏ భాషలో పాడేవారు?

ఇంట్లో స్వీడిష్, బయట జర్మన్. ఆ రోజుల్లో స్టాక్‌హోమ్‌లో వాగ్నరైనా వెర్డియైనా స్వీడిష్ అనువాదంలోనే పాడేవారు. విదేశీ అతిథి వస్తే అతను తన భాషలో, మిగతావాళ్లు స్వీడిష్‌లో పాడటం కూడా మామూలే. ప్రేక్షకుడికి ప్రతి మాటా అర్థం కావాలన్నది లెక్క. ఫలితంగా స్వీడన్ గాయకుడు బయటి దేశానికి వెళ్లాలంటే తనకు బాగా వచ్చిన పాత్రనే రెండోసారి, అసలు భాషలో, మళ్లీ మొదటినుంచి నేర్చుకోవాలి. రాగం అదే, కానీ అచ్చులు వేరు, ఊపిరి తీసుకునే చోట్లు వేరు. నాలుగైదు గంటల పాత్రకు ఇది చిన్న పని కాదు.

ఆయనకు పేరు తెచ్చిన పాత్రలు ఏవి?

వాగ్నర్ పాత్రలు. మూడు చెబుతాను.

మొదటిది ‘ఎగిరే డచ్చివాడు’లో నాయకుడు. తుఫానులో ఓ అంతరీపాన్ని ఎప్పటికైనా చుట్టి తీరతానని ప్రమాణం చేసి, చావు లేకుండా తిరుగుతుండమనే శాపం తగిలించుకున్న ఓడ కెప్టెన్. ఏడేళ్లకొకసారి నేలమీద కాలు పెట్టే అవకాశం వస్తుంది. కడదాకా నమ్మకంగా ఉండే స్త్రీ దొరికితే విముక్తి. ‘డీ ఫ్రిస్ట్ ఇస్ట్ ఉమ్’ అంటూ, గడువు తీరిందని మొదలయ్యే అతని ప్రవేశ గీతం పది నిమిషాలకు పైగా సాగుతుంది. గాయకుడు వేదికమీదికి రాగానే గొంతు సవరించుకునే వ్యవధి కూడా లేకుండా అందులో దిగాలి. చాలామంది దీన్ని కోపంగా పాడతారు. బెర్గ్‌లుండ్ పాడినప్పుడు నాకు వినిపించేది అలసట. వందల ఏళ్లుగా ఇదే మాట చెబుతున్నవాడి అలసట. నా మటుకు పాత్రకు అదే సరి.

రెండోది ‘నీబెలుంగ్ ఉంగరం’లో దేవతల అధిపతి వోటాన్. నాలుగు ఆపెరాల, పదిహేను గంటల ఈ మహాగాథలో మూడింటిలో వోటాన్ కనిపిస్తాడు. మూడోదానిలో దేశదిమ్మరి వేషంలో వస్తాడు. తాను రాసిన ఒప్పందాలకు తానే కట్టుబడి, ఇష్టమైన కూతురిని నిద్రపుచ్చి చుట్టూ నిప్పు రగిలించి వదిలిపోవాల్సి వచ్చే తండ్రి అతను. ఆ వీడ్కోలు ఘట్టం ప్రపంచంలోని ప్రతి బాస్-బారిటోన్‌కీ పరీక్షే, ఎందుకంటే అది వచ్చేది రెండు గంటలు పాడి పాడి గొంతు అరిగాక.

మూడోది, నా దృష్టిలో అన్నిటికంటే కష్టమైనది, ‘న్యూరెంబర్గ్ మైస్టర్‌సింగర్లు’లో హాన్స్ సాక్స్. ఇతను కల్పిత పాత్ర కాదు. 1494 నుంచి 1576 వరకు బతికిన చెప్పులు కుట్టే కవి. ఆపెరాలో సాక్స్‌కు ఆయుధాలు లేవు, శాపాలు లేవు. నడివయసు దాటిన భార్యలేని మనిషి. పక్కింటి అమ్మాయి ఏవా అతన్ని పెళ్లాడటానికి కూడా సిద్ధమే. అయినా ఆమె మనసు కుర్రవాడైన వాల్టర్ మీద ఉందని గ్రహించి, తనే పూనుకుని వాళ్లిద్దరినీ కలుపుతాడు. సంగీతం మొత్తం సుమారు నాలుగున్నర గంటలు. మూడో అంకం ఒక్కటే రెండు గంటలు. అందులో సాక్స్ ఇంచుమించు వేదిక దిగడు. రెండో అంకంలో, ఏవాను పెళ్లాడాలనుకునే పోటీదారుడు బెక్‌మెస్సర్ పాడుతుంటే, అతని తప్పులకు ఒక్కో సుత్తి దెబ్బ వేస్తూ చెప్పులు కుట్టే హాస్యఘట్టం ఉంది. నవ్వించాలి, తాళం తప్పకూడదు, పాడటం ఆగకూడదు. ఆపైన చివర్లో జనం ముందు నిలబడి, అప్పుడే మొదలుపెట్టినంత తాజాగా పెద్ద ఉపన్యాసం పాడాలి. గొంతు బలంతో వోటాన్‌ను నెట్టుకురావచ్చు. సాక్స్‌కు బలం కంటే పొదుపు ముఖ్యం. మెట్రోపాలిటన్ ఆపెరాలో తొలిసారి వేదికెక్కడానికి బెర్గ్‌లుండ్ వచ్చింది ఈ పాత్రతోనే.

యుద్ధం నడుస్తుండగా 1942లో నాజీ జర్మనీకి వెళ్లి ఎందుకు పాడారు?

ఈ ప్రశ్నను దాటవేయడం సరికాదు. బైరాయిట్ అంటే వాగ్నర్ తన ఆపెరాల కోసమే కట్టించుకున్న థియేటర్, 1876లో మొదలైంది. 1940 నుంచి 1944 వరకు అక్కడ జరిగినవి యుద్ధకాలపు ఉత్సవాలు. అప్పటి నిర్వాహకురాలు వాగ్నర్ కోడలు వినిఫ్రెడ్, ఆమె హిట్లర్‌కు సన్నిహితురాలు. ఉత్సవం ఆగకూడదన్నది హిట్లర్ కోరిక. టికెట్లు మామూలుగా అమ్మకుండా, నాజీల కార్మిక సంస్థ ద్వారా గాయపడ్డ సైనికులను, నర్సులను, ఆయుధ కర్మాగారాల కార్మికులను రైళ్లలో తీసుకొచ్చి కూర్చోబెట్టేవారు. ఆ ఏడాది బెర్గ్‌లుండ్ డచ్చివాడి పాత్ర పాడారు. ఆయన సహచరుడు స్వాన్‌హోల్మ్ కూడా ఆ ఏడాది అక్కడ పాడాడు.

స్వీడన్ తటస్థ దేశం, కాబట్టి వెళ్లడానికి చట్టం అడ్డు కాదు. వాగ్నర్ గాయకుడికి బైరాయిట్ పిలుపు కంటే పెద్ద గౌరవమూ లేదు. ఇవి కారణాలు, సమర్థనలు కావు. ఆయన మనసులో ఏముందో ఊహించి రాయడం నాకిష్టం లేదు. పక్కనే పెట్టి చూడాల్సిన ఇంకో విషయం మాత్రం ఉంది. అదే రోజుల్లో స్టాక్‌హోమ్ రాయల్ ఆపెరాలో ఆర్కెస్ట్రాను నడిపిస్తున్నవారిలో లియో బ్లెచ్ ఒకరు. బెర్లిన్‌లో ఏళ్ల తరబడి పేరుమోసిన కండక్టర్, యూదుడు. జర్మనీ నుంచి రీగాకు, అక్కడికీ జర్మన్ సైన్యం రావడంతో 1941లో స్వీడన్‌కు ప్రాణాలతో చేరుకున్నాడు. బైరాయిట్ తరిమేసిన రకం మనిషీ, బైరాయిట్ పిలిచిన గాయకుడూ ఒకే థియేటర్ జీతగాళ్లు. ‘తటస్థత’ అనే విధానం నిత్యజీవితంలో ఇలా ఉండేది.

అమెరికాకు ఎలా వెళ్లారు?

ఖాళీ ఉంది కాబట్టి. మెట్రోపాలిటన్‌లో వోటాన్, సాక్స్ పాత్రలకు పెట్టింది పేరైన ఫ్రీడ్రిష్ షోర్ 1943లో విరమించుకున్నారు. ఆ బరువంతా హెర్బర్ట్ యాన్సెన్ మీద పడింది. ఆయన గొప్ప గాయకుడే, కానీ సహజంగా కాస్త తేలికైన బారిటోన్. జర్మనీలో థియేటర్లు బాంబులకు కూలిపోయాయి, అక్కడి గాయకులను న్యూయార్క్‌కు రప్పించే పరిస్థితి లేదు. యుద్ధంలో చెక్కుచెదరని థియేటర్, వాగ్నర్ పాత్రలు వచ్చిన జీతపు బృందం ఉన్న దేశం స్వీడన్.

అందుకే ఏడాది తిరక్కుండా ఆ చిన్న దేశం నుంచి వరసగా వెళ్లారు. 1945 నవంబరులో టెనర్ తోర్స్టెన్ రాల్ఫ్ వచ్చాడు. ఆ నెలలోనే బ్యోర్లింగ్ యుద్ధం తర్వాత తిరిగొచ్చాడు. 1946 జనవరి 9న సాక్స్‌గా బెర్గ్‌లుండ్, నవంబరులో ‘ఉంగరం’ వీరనాయకుడు జీగ్‌ఫ్రీడ్‌గా స్వాన్‌హోల్మ్. వీళ్లలో ముగ్గురు ఫోర్సెల్ క్లాసులో కూర్చున్నవాళ్లే.

1949 నాటి ‘సలోమె’ రాత్రి గురించి అంతలా ఎందుకు చెబుతారు?

మెట్రోపాలిటన్‌కు ‘సలోమె’తో పాత గొడవ ఉంది. రిచర్డ్ స్ట్రౌస్ రాసిన ఈ ఆపెరాను 1907లో ఒక్క ప్రదర్శనతో ఆపేశారు. తెగిన తలను ముద్దుపెట్టుకునే కథానాయిక అక్కడి పోషకులకు మింగుడుపడలేదు. 1934లో గానీ మళ్లీ వేయలేదు.

1949 ఫిబ్రవరి 4న బల్గేరియా సొప్రానో (ఆడగొంతుల్లో అన్నిటికంటే పైది) ల్యూబా వెలిచ్ సలోమెగా, కండక్టర్ ఫ్రిట్స్ రైనర్ ఆర్కెస్ట్రా ముందు, ఇద్దరూ ఆ థియేటర్‌లో ఒకేరోజు తొలిసారి కనిపించారు. చప్పట్లు పావుగంట ఆగలేదని చెబుతారు. ఆ రాత్రి యోకనాన్, అంటే బాప్తిస్మమిచ్చు యోహాను, బెర్గ్‌లుండ్. సలోమె తల్లి హెరోడియాస్ పాత్రలో మరో స్వీడన్ గాయని కెర్స్టిన్ థోర్‌బోర్గ్.

యోకనాన్ తొలి మాటలు మనకు మనిషి కనిపించకుండా వినిపిస్తాయి. అతను వేదిక కిందనున్న నీటితొట్టెలో బందీ. చుట్టూ ఉన్న సంగీతమంతా మెలికలు తిరుగుతూ, చెమటపడుతూ ఉంటే, అతని గొంతు వచ్చినప్పుడు మాత్రం కొయ్యలా నిటారుగా, ప్రశాంతంగా మారుతుంది. బెర్గ్‌లుండ్ గొంతులోని నిబ్బరానికి ఇంతకంటే సరిపోయే పాత్ర లేదు. పత్రికలన్నీ వెలిచ్ గురించే రాశాయి, సహజం. సలోమె నిలబడటానికి ఎదురుగా కదలని గోడ ఒకటి ఉండాలి కదా, ఆ గోడ ఈయన.

పేరొస్తున్న సమయంలో వెనక్కి ఎందుకు వెళ్లిపోయారు?

1949లోనే హరాల్డ్ ఆండ్రే తర్వాత రాయల్ ఆపెరా డైరెక్టర్ పదవి ఆయనకు వచ్చింది. వయసు 46. గురువు ఫోర్సెల్ కూర్చున్న కుర్చీ. 1956లో అదే పదవికి సెట్ స్వాన్‌హోల్మ్ వచ్చాడు. ఒక గురువు, ఇద్దరు శిష్యులు, ముగ్గురూ గాయకులు, ముగ్గురూ అదే థియేటర్‌ను నడిపారు. బృందంలో పాడినవాడే బృందాన్ని నడపడం స్వీడన్‌లో వింత కాదు.

ఆయన డైరెక్టర్‌గా ఉన్న కాలం నుంచి ఒక్క రాత్రి చాలు. 1952 ఏప్రిల్‌లో, బ్యాంకులో గుమాస్తాగా పనిచేసిన ఇరవై ఆరేళ్ల కుర్రాడు ఆడాం రాసిన ‘లోన్జుమో బండివాడు’ ఆపెరాలో ప్రధాన పాత్ర వేశాడు. అందులో టెనర్ తారస్థాయి డి అందుకోవాలి. అందుకున్నాడు. ఆ కుర్రాడే నికొలాయ్ గెడ్డా. అదే ఏడాది ఈఎంఐ రికార్డు కంపెనీ నిర్మాత వాల్టర్ లెగ్ ఎంపికతో ‘బోరిస్ గొదునోవ్’ పూర్తి రికార్డింగులో పాడాడు. కొత్తవాడికి మొదటిరోజే ప్రధాన పాత్ర ఇవ్వడం ఏ థియేటర్‌కైనా సాహసమే.

మరి బ్యోర్లింగ్ అంత ప్రసిద్ధి ఎందుకు రాలేదు?

టెనర్లకు పేరెక్కువ, బాస్‌లకు తక్కువ అన్నది సగం జవాబు. మిగతా సగం రికార్డుల సాంకేతికతలో ఉంది.

78 ఆర్‌పీఎం రికార్డు ఒక వైపు నాలుగైదు నిమిషాలు పడుతుంది. టెనర్ పాడే ఇటాలియన్ పాట ఒక వైపులో చక్కగా ఇమిడిపోతుంది. అది రేడియోలో మోగుతుంది, దుకాణంలో అమ్ముడుపోతుంది. వోటాన్ వీడ్కోలు అలా ఇమడదు. మూడు నాలుగు ముక్కలుగా కోయాలి. లాంగ్ ప్లే రికార్డు 1948లో వచ్చింది. దానివల్ల వాగ్నర్‌ను పూర్తిగా ఇంట్లో వినే రోజులు వచ్చాయి. సరిగ్గా అప్పుడే బెర్గ్‌లుండ్ విదేశీ వేదికలు వదిలి ఆఫీసు గదిలోకి వెళ్లారు. డెక్కా కంపెనీ జార్జ్ షోల్టీతో ‘ఉంగరం’ మొత్తాన్ని స్టూడియోలో రికార్డు చేయడం 1958లో మొదలుపెట్టింది. తొలి భాగంలో స్వాన్‌హోల్మ్ అగ్నిదేవుడు లోగెగా ఉన్నాడు, తర్వాతి భాగాల్లో బిర్గిట్ నిల్సన్ ఉంది. వోటాన్లు మాత్రం జార్జ్ లండన్, హాన్స్ హొట్టర్. బెర్గ్‌లుండ్ ఒక పదేళ్లు ఆలస్యంగా పుట్టుంటే ఈ పేజీ అవసరం ఉండేది కాదేమో.

ఇప్పుడు వినాలంటే ఏవి దొరుకుతాయి?

రెండు పూర్తి రికార్డింగులు ముఖ్యం. ఒకటి 1942 బైరాయిట్ ‘ఎగిరే డచ్చివాడు’. కండక్టర్ రిచర్డ్ క్రౌస్, కథానాయిక సెంటాగా మారియా ముల్లర్, ఆమె తండ్రి డాలాండ్‌గా లుడ్విగ్ హోఫ్‌మన్, ఆమెను ప్రేమించే ఎరిక్‌గా ఫ్రాంట్స్ ఫ్యోల్కర్. హోఫ్‌మన్ కూడా కిందిస్థాయి గొంతే కాబట్టి, మొదటి అంకంలో ఇద్దరి యుగళం వింటే రెండు రకాల మంద్రగాత్రాల తేడా చెవికి సులభంగా పట్టుబడుతుంది. రెండోది 1949 మార్చి నాటి మెట్రోపాలిటన్ ‘సలోమె’ రేడియో ప్రసారం. రెండూ మోనో. ధ్వని నాణ్యత విషయంలో పెద్ద ఆశలు పెట్టుకోవద్దు, హెడ్‌ఫోన్స్‌తో వినండి. కొత్తవారు ‘సలోమె’తో మొదలుపెట్టడం మేలు, గంటా నలభై నిమిషాల్లో అయిపోతుంది.

ఇంకెవరైనా స్వీడన్ బాస్ గాయకులు ఉన్నారా?

ఉన్నారు. యోహానెస్ ఎల్మ్‌బ్లాడ్ అంతకు ముందు తరంవాడు, 1896లో బైరాయిట్‌లో రాక్షసుడు ఫాఫ్నర్‌గా పాడాడు. అసలుసిసలు లోతైన బాస్ కావాలంటే స్వెన్ నిల్సన్‌ను వెతకండి. 1898లో పుట్టి 1970లో పోయాడు, 1930 నుంచి 1944 వరకు జర్మనీలోని డ్రెస్డెన్‌లో పాడాడు. రిచర్డ్ స్ట్రౌస్ ‘డాఫ్నె’ 1938 అక్టోబరు 15న అక్కడ తొలిసారి వేసినప్పుడు నాయిక తండ్రి పెనైయోస్ పాత్ర ఆయనదే. అపోలోగా పాడింది తోర్స్టెన్ రాల్ఫ్. ఒక జర్మన్ ఆపెరా తొలి ప్రదర్శనలో ఇద్దరు స్వీడన్ వాళ్లు.

మార్తి తాల్వెలా స్వీడన్ గాయకుడు కాదా?

కాదు, ఫిన్లాండ్. 1961లో స్టాక్‌హోమ్ రాయల్ ఆపెరాలో వెర్డి ‘రిగొలెట్టో’లోని హంతకుడు స్పరఫుచీలెగా పాడటంతో ఈ పొరపాటు వస్తుంటుంది. కిమ్ బోర్గ్, మత్తి సల్మినెన్ కూడా ఫిన్లాండ్ వాళ్లే. ఇంగ్మార్ బెర్గ్‌మన్ 1975లో స్వీడిష్ టీవీ కోసం తీసిన ‘మాయా వేణువు’లో సరాస్ట్రోగా పాడిన ఉల్రిక్ కోల్డ్ డెన్మార్క్ మనిషి. అందులో పపగేనోగా వేసిన హోకన్ హేగెగోర్డ్ స్వీడన్ వాడే, కానీ బారిటోన్.

మేము స్టాక్‌హోమ్‌లో ఉంటాం. ఆ థియేటర్ చూడొచ్చా?

గుస్తావ్ అడాల్ఫ్ చౌక్‌లో ఉంది, రాజభవనానికి వంతెన అవతల. కుంగ్‌స్ట్రెడ్‌గార్డెన్ మెట్రో స్టేషన్ నుంచి నడిచిపోవచ్చు. టికెట్ కొనేముందు ఆ రోజు ఆపెరానో బాలేనో చూసుకోండి, రెండూ అక్కడే జరుగుతాయి. వాగ్నర్ వేసే రోజైతే ముందే తినేసి వెళ్లండి.